నానమ్మ గరిజెలు ఒత్తిన రోజు

నిన్న సాయంత్రం అమీర్‌పేటలో మెట్రో దిగి నడుస్తుంటే, ఒక మిఠాయి దుకాణంలో గరిజెలు వేగుతున్న వాసన వచ్చింది. నువ్వులు, బెల్లం, ఎండుకొబ్బరి, యాలకులు. నా కాళ్లు అక్కడే ఆగిపోయాయి.

దీపావళికి మీ ఇళ్లలోనూ చేసేవాళ్లు కదా, గుర్తుందా? ఆ దుకాణం వెనక, ఇప్పుడు హాస్టల్ లేచిన సందులోనే మా ఇల్లుండేది. ఒక దీపావళి నాటికి నానమ్మ మా పేర్లన్నీ మరచిపోయింది. పిండిముద్ద ముందు పెడితే మాత్రం చేతులు వాటంతట అవే కదిలేవి. ఆ రోజు గరిజె అంచు మడుస్తూ పక్కనున్న ఖాళీ చోటుకేసి చూసింది.

"అక్కా, అంచు జర గట్టిగ ఒత్తు. నూనెల పగుల్తది."

వాళ్లక్క చనిపోయి అప్పటికే చాలా ఏళ్లయింది.

"నానమ్మా, ఎవరితోని మాట్లాడుతున్నవ్? ఆడ ఎవ్వరు లేరు" అన్నాను.

నానమ్మ చేతులు ఆగిపోయాయి. ఆ చోటంతా తడిమింది.

"మా అక్క పోయిందా?" అంటూ, ఆ కబురు అప్పుడే విన్నట్టు ఏడ్చింది.

అమ్మ పొయ్యి తగ్గించి, ఇంకో పీట తెచ్చి అక్కడ వేసింది.

"పోలేదత్తమ్మా, నీళ్లు తాగనీకి లేచింది. పెద్దత్తమ్మా, రా, కూసో" అంది.

నానమ్మ కళ్లు తుడుచుకుని, సగం పిండి ఆ పీట ముందుకు జరిపింది.