మా చిన్నబాపు తెచ్చిన ఎన్నెలపిల్లలు

ఎన్నెలపిల్లలకు కాళ్లుండవు. అందుకే ఏది దొరికితే దాన్ని పట్టుకుని వేలాడతాయి. జుట్టు, కనుబొమలు, చెవుల మీది వెంట్రుకలు, ఏదైనా సరే. వాటికి తిండి అక్కర్లేదు. ఎండ తగిలితే చచ్చిపోతాయి. సాంచాల చప్పుడులో పుడతాయి కాబట్టి పుట్టుచెవుడు.

ఇవన్నీ నాకు మా చెల్లె చెప్పింది. చెల్లె అంటే మా బాపు తమ్ముడు, చిన్నబాపు కూతురు. అప్పుడు దానికి ఏడేళ్లు.

నేను పుట్టి పెరిగింది హైదరాబాద్‌లో. డిగ్రీలో రెండు పేపర్లు తప్పి, ఇంట్లో బాపుతో మాటామాటా అనుకుని, పళ్లెం విసిరికొట్టాను. కొన్నాళ్లు చిన్నబాపు ఇంట్లో ఉండి చదువుకో అని నన్ను సిరిసిల్ల పంపారు. చిన్నబాపు అక్కడ రాత్రి డ్యూటీలో సాంచాలు నడుపుతాడు. మరమగ్గాలను ఆ ఊళ్లో సాంచాలంటారు. తెల్లారి ఇల్లు చేరేసరికి ఆయన తల, మీసాలు, రెప్పలు, అన్నిటి మీదా దూది నుసే. వచ్చి గడప మీద కూర్చుని తల వంచేవాడు. చెల్లె వెనక నిలబడి, ఆ నుసిని ఒక్కొక్క పోగూ రెండు వేళ్లతో ఏరి బిస్కెట్ల డబ్బాలో వేసుకునేది. సాంచాల షెడ్డు రేకులకు ఒక చిల్లు ఉందట. అందులోంచి దిగిన వెన్నెల నేల తాకగానే ముక్కలై పిల్లలవుతుందట. ఆ ఏరడం ఓ అరగంట సాగేది. చిన్నబాపు కూర్చునే కునుకు తీసేవాడు. తర్వాత అది బడికి, ఆయన నిద్రకు. సాయంత్రం అది వచ్చేసరికి ఆయన మళ్లీ పనికి తయారవుతూ ఉండేవాడు. రోజు మొత్తంలో వాళ్లిద్దరికీ ఉన్నది ఆ అరగంటే.

ఒకరోజు నేను ఊరికే ఆ ఏరడాన్ని వీడియో తీసి స్టేటస్‌లో పెట్టాను. దోస్తులంతా ఇంకా పెద్దది పెట్టమన్నారు. మర్నాడు చిన్నబాపు నల్లా దగ్గర ముఖం కడుక్కుంటుంటే, డబ్బా తెరిచి చూపించమని చెల్లెను అడిగాను. వెలుతురు చాలక ఫోన్ లైటు వేశాను. అది డబ్బాను కడుపుకు అదుముకుంది.

"లైటేస్తే సస్తయి అక్కా. వద్దు."

రెండుసార్లు బతిమాలాను. మూడోసారి నాకు తిక్క లేచింది. డబ్బా లాక్కుని గచ్చు మీద కుమ్మరించాను.

"ఇవి పిల్లలు గాదు ఏం గాదు, నుసి. మీ బాపు ముక్కులకెళ్లి లోపటికి పోయేది గిదే. అందుకే అట్ల దగ్గుతుండు. తెల్వదా నీకు?"

అది ఏడవలేదు. నల్లా వైపు చూసింది. చిన్నబాపు అప్పుడు నిజంగానే దగ్గుతున్నాడు.

ఆయన ముఖం తుడుచుకుంటూ వచ్చి, గచ్చు మీద పడ్డదాన్ని చూశాడు. తిడతాడనుకున్నాను. తిట్టినా బాగుండేది.

"నువ్వన్నది నిజమే బిడ్డా," అన్నాడు. "కని జర ఆగితే ఏమైతుండె? ఇంకో రెండేండ్లకు అదే ఎరుక జేసుకుంటుండె."

ఆ మధ్యాహ్నం చిన్నమ్మ చెప్పింది. రెండేళ్ల వయసులో చెల్లె తెల్లగా వచ్చిన తండ్రిని చూసి జడుసుకుని, దగ్గరికి రానిచ్చేది కాదట. ఆ భయం పోగొట్టడానికే ఆయన ఎన్నెలపిల్లలను పుట్టించాడట. అమాస నాడు వెన్నెల ఉండదు కదా. ఆ రోజు షెడ్డులోనే ఒళ్లంతా తువ్వాలతో దులుపుకుని, తల దువ్వుకుని మరీ వచ్చేవాడట. ఐదేళ్లలో ఒక్క అమాసా మరిచిపోలేదని చిన్నమ్మ అంటుంటే నేను ఫోన్ తెరను కిందికీ మీదికీ జరుపుతూ కూర్చున్నాను. దాని మీద ఏముందో చూడనేలేదు.

సాయంత్రం చెల్లె బడి నుంచి రాగానే పక్కన కూర్చోబెట్టుకుని, పొద్దున నేను అబద్ధం చెప్పానన్నాను. ఫోన్‌లో వెతికానని, ఎన్నెలపిల్లలు నిజంగానే ఉన్నాయని రాసి ఉందని చెప్పాను. అది శ్రద్ధగా విన్నది.

"మరి బాపు దగ్గు?" అని అడిగింది.

నేను ఫోన్ బోర్లా పెట్టాను.

కాసేపటికి చిన్నబాపు డ్యూటీకి బయల్దేరుతుంటే అది సద్ది డబ్బా ఇవ్వకుండా వాకిట్లో అడ్డం నిలబడింది. పనికి పోవద్దంది. పోకపోతే ఎట్లా అని ఆయన నవ్వుతూనే అడిగాడు. అది కాసేపు ఆలోచించి లోపలికి వెళ్లి, అంగీకి పిన్నుతో పెట్టుకునే తన బడి దస్తీ తెచ్చి ఇచ్చింది. ముక్కుకు, మూతికి కట్టుకోమంది. ఆయన మడతపెట్టి జేబులో పెట్టుకున్నాడు.

మర్నాటి నుంచి ఆయన షెడ్డు దగ్గరే తల కడుక్కుని రావడం మొదలుపెట్టాడు. గడప మీద కూర్చునేవాడు కాదు. కూర్చున్నా ఏరడానికి ఏమీ ఉండేది కాదు. చెల్లె మాత్రం రోజూ పొద్దున దస్తీ తీసుకుని ఉతికి, సాయంత్రం మడతపెట్టి మళ్లీ ఇచ్చేది.

నేనక్కడ ఇంకో పద్దెనిమిది రోజులున్నాను. ఆ షెడ్డులోకి ఒక రాత్రి వెళ్లి చూశాను. ఫ్యాను వేస్తే దారం చెదురుతుందని వేయరు. ఉత్తగా నిలబడితేనే ఊపిరాడలేదు. మూతికి గుడ్డ కట్టుకున్నవాళ్లు ఒక్కరూ లేరు. చిన్నబాపు మూతికీ లేదు. నన్ను చూసి, ఇంట్లో చెప్పొద్దన్నట్టు తల అడ్డంగా ఊపాడు.

నేను వెళ్లిపోయే రోజు పొద్దున కూడా చెల్లె వాకిట్లో నిలబడి ఉంది. కట్టుకున్నవా అని అడిగింది.

"కట్టుకున్న బిడ్డా. రాత్రంత కట్టుకునే ఉన్న."

ఆయన జేబులోంచి దస్తీ తీసి ఇచ్చాడు. చెల్లె పెట్టిన మడత కూడా విడలేదు. ఆయన కట్టుకోలేదని నాకు తెలుసు. ఎదుటి మనిషి అబద్ధం చెబితే ఎప్పుడూ ఊరుకోని నేను, బ్యాగు జిప్పు లాగుతూ ఉండిపోయాను.

చెల్లె దస్తీని ముక్కు దగ్గర పెట్టుకుంది. నిన్న ఉతికిన సబ్బు వాసనే వచ్చి ఉంటుంది. ఆయన వైపు చూడలేదు. మడత విప్పి బకెట్లో ముంచి, సబ్బు పెట్టి, చాలాసేపు ఉతికింది.