వేయ్‌కో కథ చెప్పిన రోజు

అమెరికాలోని ఎడిసన్‌లో దేదీప్య పనిచేసే టీ కొట్టుకి వేయ్‌కో రోజూ వచ్చి, కిటికీ పక్క బల్లని ఆక్రమించేవాడు. ఫిన్లాండ్‌లో ఎప్పుడో ఒక్క సినిమాకి స్క్రిప్ట్ రాశాడట. దాని పేరు చెబితే అక్కడివాళ్ళే తెల్లమొహం వేస్తారు. ఎండాకాలంలోనూ మెడకి ఉన్ని మఫ్లర్, మొహాన ఎవరూ తనకి సరిపోరన్న చిరాకు. టీలో వేలు ముంచి మీసం దువ్వుకుంటూ, పక్కన చదువుకునే మన పిల్లల్ని "మీ సినిమాలన్నీ అరుపులే" అని ఈసడించేవాడు. ఆ కప్పుని దేదీప్య విడిగా కడిగేది.

అలాంటివాడిని వెతుక్కుంటూ నిర్మాత చక్రపాణి వచ్చాడు. మంచులో తెలుగు సినిమా తీయాలని ఆయన సరదా. ఏళ్ళ తరబడి పని లేని వేయ్‌కో, స్క్రిప్ట్ ముందుకు తోశాడు. మన నిర్మాతలు కథ చదవరు, వింటారు. చక్రపాణి కాగితాలు ముట్టకుండా వెనక్కి వాలి, "నెరేషన్ ఇవ్వండి సార్" అన్నాడు.

"ఒకడుంటాడు. మంచు పడుతుంటుంది. భార్య వెళ్ళిపోతుంది."

"ఊఁ, తర్వాత?"

"మౌనం."

"అది సరే సార్, తర్వాత వాడేం చేస్తాడు?"

వేయ్‌కో కాగితాలు ముందుకీ వెనక్కీ తిప్పసాగాడు. తన హీరో ఏమయ్యాడో తనకే గుర్తు లేదు.

చక్రపాణి టీ తెచ్చిన దేదీప్య వైపు తిరిగి తెలుగులోకి దిగాడు. "ఏమ్మా, ఇది ఈయన రాసిందేనా?"

"ఏమో అంకుల్. రోజూ పెన్ పట్టుకోవడమైతే చూశా."

చక్రపాణి నవ్వాపుకుంటూ చెయ్యి కలిపి వెళ్ళిపోయాడు.

మర్నాడు వేయ్‌కో పిల్లలతో, "నిన్న ఒక నిర్మాతని తిప్పి పంపేశాను. చదవడం రానివాడికి నా కథ ఇవ్వను" అంటున్నాడు. దేదీప్య అక్కడే ఉంది. ఆమె ఒక మనిషే కాదన్నట్టు, ఆ అబద్ధం ఆమె ముందే ఆడి, ఆమె చేతే ఇంకో టీ తెప్పించుకున్నాడు.