గొంతు లేని వేషాలు

రిఫ్‌కీ తన మొదటి మాటల సినిమాకు మాటలన్నీ తానే రాశాడు, పడవ సరంగు వేషమూ తానే వేశాడు. బొమ్మ పూర్తయ్యాక నిర్మాత ఆయన గొంతు తీసేయించి, ఇస్తాంబుల్ నాటకాల్లో పేరున్న ఒక నటుడిచేత మళ్ళీ చెప్పించాడు. నల్లసముద్రం యాస టిక్కెట్టు కొన్నవాళ్ళ చెవికి మోటుగా ఉంటుందట. కథలో సరంగుది నల్లసముద్రమే. రిఫ్‌కీకి ఎవరూ ముందుగా ఒక్క ముక్క చెప్పలేదు.

బొమ్మ నల్లసముద్రం ఒడ్డునున్న ఆయన సొంత ఊరు త్రాబ్జోన్ చేరింది. తల్లి హవ్వాకు అప్పటికే కళ్ళకు పొరలు కమ్మాయి. కొడుకు గొంతు వినడానికే వెళ్ళింది.

"మావాడు ఎప్పుడొస్తాడే?" అని పక్కింటావిడను పొడుస్తూనే ఉంది.

"అదిగో, ఎదురుగానే ఉన్నాడుగా!"

"చాల్లే, గుడ్డిదాన్నని ఆటపట్టించకు. నేను కన్నవాడి గొంతు నాకు తెలీదూ?"

దీపాలు వెలిగేసరికి కొడుకు అబద్ధాలకోరని తేల్చేసింది.

తర్వాత ఇరవై ఏళ్ళూ రిఫ్‌కీ సినిమా కథలు రాశాడు. ప్రతిదాంట్లోనూ తనకో వేషం అట్టిపెట్టుకునేవాడు. మూగ కాపలావాడు, తాగి పడిపోయినవాడు, శవం. నోరు తెరిస్తే కదా ఇంకొకడి గొంతు పెట్టేది!

"శవంగారొచ్చారు, టీ పోయండ్రా" అని స్టూడియోల వీధిలో నవ్వేవాళ్ళు. ఆయనా నవ్వేవాడు. ఆయన మాటలకు చప్పట్లు కొట్టించుకున్నవాళ్ళు కార్లెక్కి పోయేవాళ్ళు.

నేను సినిమాలకు గొంతులు పట్టే స్టూడియోలో పనికి కుదిరేనాటికి ఆ యాసకే గిరాకీ వచ్చింది. జాలరి వేషం వేసిన, దక్షిణాదిన అదనా ఊరి కుర్రాడికి నల్లసముద్రం గొంతు కావాలన్నారు. నేను రిఫ్‌కీ దగ్గరికి పరుగెత్తాను.

"మీ అమ్మకింకా వినిపిస్తుందా, బాబాయ్?"

"ఆవిడవి పాము చెవులురా."

ఆయన గడ్డం గీసుకుని వచ్చాడు. మైకు ముందు నిలబడ్డాడు. తెరమీద కుర్రాడి నోరు చప్పుడు లేకుండా ఆడుతోంది. రిఫ్‌కీ చూస్తూ ఉండిపోయాడు. రీలు వెనక్కి తిప్పి మళ్ళీ వేశాం.

"ఏమయ్యా, కాగితం ఆనడం లేదా?" అన్నాడు యజమాని.

"ఈ అబ్బాయికి చెప్పారా?"

"దేనికి? బొమ్మ ఆడినప్పుడు వాడే వింటాడు. కానివ్వు."

రిఫ్‌కీ కాగితం మడిచి బల్లమీద పెట్టాడు. టోపీ తీసుకున్నాడు. నేను మెట్లదాకా వెంటపడ్డాను.

"ఇన్నేళ్ళకు వచ్చింది, వదులుకుంటావా? అక్కడ మీ అమ్మ..."

మెట్ల కమ్మీ పట్టుకుని, వెనక్కి తిరక్కుండానే అన్నాడు:

"ఆ పిల్లాడి తల్లికి చూపుందేమో కనుక్కోరా. ఉంటే కబురు పెట్టు. వస్తాను."