అంకె లేని రెండు వరుసలు

మట్టల ఆదివారానికి రెండు రోజుల ముందు, శుక్రవారం, పగలు పదకొండు గంటల పది నిమిషాలు. అప్పుడు నా ఎదురుగా గోడ గడియారం ఉండింది, అందుకే నిమిషంతో సహా చెప్పగలుగుతున్నాను. ఆ నిమిషాన నా నోటి నుంచి ఒక అబద్ధం వచ్చింది. పదిహేనేళ్లయింది. బయటికి చెప్పలేదు. దించుకోవడానికి చోటు దొరకని బరువు అది. ఈ రోజు మీ ముందు దించుతున్నాను. మీరెవరో నాకు తెలియదు. తెలియకపోవడమే మంచిది.

ముందు నా సంగతి కొంత చెప్పాలి. నేను గర్వం గల మనిషిని. అది దాచను. ముప్పై ఏళ్లు శంషాబాద్ మార్కెట్‌లో కూరగాయలు అమ్మాను. ఇరవై మంది ఆడవాళ్లతో చిట్టీ నడిపాను. ఒక్కరి రూపాయి అటూ ఇటూ కాలేదు. కాగితం, కలం అక్కర్లేకుండా ఎంత పెద్ద వడ్డీ లెక్క అయినా నిలబడ్డ చోటనే చెప్పేదాన్ని. దుకాణాల సేట్లు కూడా నన్ను పిలిచి లెక్క సరిచూసుకునేవాళ్లు. ఇది గొప్పలకు చెప్పడం లేదు. గొప్పే, కాబట్టి చెబుతున్నాను.

కానీ అప్పటికి నాకు అక్షరం రాదు. అరవై రెండేళ్లు వచ్చేదాకా రాలేదు. ఈ సంగతి ఎవరికీ తెలియనివ్వలేదు. మా చర్చిలో నేను ముందు వరుసలో కూర్చుంటాను. పాస్టరు గారు పాట నంబరు చెప్పగానే అందరికంటే ముందు నా పుస్తకం తెరుచుకుంటుంది. అంకెలు వచ్చు కదా. పాటలన్నీ నోటికి వచ్చు. పుస్తకం వైపు చూస్తూ పాడితే చదువుతున్నట్టే ఉంటుంది. మొదట్లో ఎవరినీ మోసం చెయ్యాలనుకోలేదు. ఎవరో "అక్క ఎంత మంచిగ సదువుతదో" అన్నారు. నేను కాదనలేదు. అక్కడే మొదలైందా? అక్కడే అనుకుంటాను.

నా చెల్లెలు సువార్త విమానాశ్రయంలో ఊడ్చే, తుడిచే పని చేస్తుంది. దాని మొగుడు ప్రకాశం ఆటో నడుపుతాడు. కొత్తూరు తోవలో వాళ్లకు చిన్న జాగా ఉండేది. అందులో రెండు గదుల స్లాబు ఇల్లు కట్టుకోవడానికి, జాగా కాగితాలు తాకట్టు పెట్టి ఆరు లక్షల ఇంటి లోను తీసుకున్నారు. ఇరవై ఏళ్లు కట్టాలి. నెలకు అయిదు వేల నాలుగు వందల కిస్తీ. వడ్డీ నూటికి ఏడాదికి తొమ్మిది.

మా దగ్గర వడ్డీని నూటికి నెలకు ఎంత అని చెప్పుకుంటాం. రూపాయి వడ్డీ, రెండు రూపాయల వడ్డీ. ఏడాదికి తొమ్మిది అంటే నెలకు ముప్పావలా, అంటే బారాణ. పన్నెండు అణాలు. బారాణ వడ్డీ అని నేను తేల్చగానే ప్రకాశం నవ్వాడు. "బారాణనా! ఫుకట్ల ఇచ్చినట్టే గద వదినె!" అన్నాడు. ఉచితమేనని నేనూ ఔనన్నాను. మార్కెట్‌లో రెండు రూపాయల వడ్డీకి తెచ్చిన డబ్బును ఒళ్లు మండి ఆరు నెలల్లో తీర్చేస్తాం. బారాణ వడ్డీ మండదు. మండదు కాబట్టి దాని పక్కన ఇరవై ఏళ్లు పడుకుంటాం. ఈ ముక్క నాకు ఇప్పుడు తెలుసు.

సంతకాల రోజు నన్ను వెంట తీసుకుపోయారు. బస్టాపు ఎదురుగా మేడ మీద ఆఫీసు. బల్ల అవతల నాగమణి అని ఒక పిల్ల. తెలుగులో అచ్చేసిన కాగితాలు ముందు పెట్టింది. నేను ముందుకు జరిగి అంకెలున్న చోటల్లా వేలు పెట్టి పైకి చదివాను. ఆరు లక్షలు. రెండు వందల నలభై నెలలు. అయిదు వేల నాలుగు వందలు. తొమ్మిది. గడగడా చదివాను. చెల్లె మొహం వెలిగింది.

చివరి కాగితం మీద రెండు వరుసలున్నాయి. ఒక్కొక్క వరుస ముందు ఒక డబ్బా గీసి ఉంది. ఆ రెండు వరుసల్లో ఒక్క అంకె లేదు.

"వడ్డీ పెరిగితే ఏం జెయ్యాల్నో గీడ రాసున్నదమ్మా. రెండిట్ల ఒక్కదానికి టిక్కు వెట్టాలె. నేను సదివి చెప్పాల్నా?" అంది నాగమణి.

"ఎందుకు? మాకు సదువు రాదనుకున్నవా?" అన్నాను.

"అయ్యో, గట్లగాదమ్మా. అందరికీ సదివి చెప్పమన్నరు మా సార్లు."

"అందరికీ జెప్పు. మాకొద్దు."

ప్రకాశం కలగజేసుకున్నాడు. "మా వదినె చర్చిల పాటల పుస్తకం మొత్తం సదువుతది, బిడ్డా. నీ కాగితమెంత?"

నాగమణి నా కళ్ల వైపు చూసింది. అక్షరాల మీద నా కళ్లు నడవడం లేదని ఆమెకు తెలిసిందా? తెలిసే ఉంటుంది. అయినా ఊరుకుంది. పెద్దదాన్ని, పైగా గట్టిగా మాట్లాడేదాన్ని. ఎవరైనా ఊరుకుంటారు.

చెల్లె నా భుజానికి ఆనుకుంది. "అక్కా, ఏమున్నది దాంట్ల? కిస్తీ పెరుగుతదా ఏంది? పెరిగితే నాతోని గాదు."

"పెరగదు. పెరగదనే రాసిండ్రు."

"యాడ?"

"గీడ. కింది దాంట్ల."

"నిజంగనా?"

"నా మీద నమ్మకం లేకుంటే ఆ పిల్లనడుగు పో."

"నిన్ను నమ్మక ఇంకెవర్ని నమ్మాలె అక్కా!" అని నవ్వి, కింది డబ్బాలో అడ్డదిడ్డంగా గీత గీసి, బొటనవేలు వేసింది.

కింది వరుసే ఎందుకు చెప్పాను? పై వరుస పొడుగ్గా ఉంది, కిందిది పొట్టిగా ఉంది. పొట్టి దాంట్లో మెలికలు తక్కువుంటాయనుకున్నాను. అంతే కారణం. ఒక మనిషి బతుకులో ఎనిమిదేళ్లను నేను ఆ కొలతతో కొలిచాను.

ఎంత చిత్రం చూడండి, నేను చెప్పిన అబద్ధం నిజమైంది. రెండేళ్లకు వడ్డీ పెరిగింది. చెల్లెతో పాటు పనిచేసే, లోన్లున్న ఆడవాళ్లు నెలనెలా కట్టేది పెరిగి లబలబలాడారు. మా చెల్లెది అయిదు వేల నాలుగు వందలు అట్లనే ఉంది. అది కనబడ్డవాళ్లందరికీ చెప్పుకుంది. "మా అక్క సదివి పెట్టించింది." నాలుగిళ్ల వాళ్లు వాళ్ల కాగితాలు నా దగ్గరికి తెచ్చారు. కళ్లద్దాలు ఇంట్లో మరిచానని పంపించేశాను. కళ్లద్దాలు అప్పటికి నాకు లేనే లేవు. ఆ పొగడ్త మాత్రం పుచ్చుకున్నాను. తీయగానే ఉండింది.

నాలుగు, అయిదేళ్ల కింద మా పాస్టరమ్మ ఆదివారం మధ్యాహ్నాలు పెద్దవాళ్లకు చదువు చెప్పడం మొదలుపెట్టింది. చేతిరాత బాగుచేసుకుంటానని చెప్పి నేనూ వెళ్లాను. పాస్టరమ్మకు మొదటి రోజే అర్థమైంది. పలక నా చేతిలో పెట్టి, నా పక్కనే కూర్చుని, "చేతిరాత అంటే మొదటి అక్షరం నుంచే మొదలుపెట్టాలమ్మా" అంది. ఆ ఒక్క మాటకు ఆమెకు జన్మంతా రుణపడి ఉంటాను. ఏడు నెలల్లో చదవడం వచ్చింది. అరవై రెండేళ్ల వయసులో, ఏడు నెలల్లో! బస్సుల బోర్డులు చదివాను. మందు సీసాలు చదివాను. పాటల పుస్తకం మొదటిసారి నిజంగా చదివాను. కొన్ని పాటల్లో నలభై ఏళ్లుగా తప్పు మాటలు పాడుతున్నానని తెలిసింది. నవ్వుకున్నాను. ఆ రోజులంత గొప్ప రోజులు నా బతుకులో లేవు.

ఆ గర్వంతోనే ఒక రోజు, చెల్లె డ్యూటీలో ఉండగా, వాళ్లింటికి మిరపకాయలు ఎండబెట్టడానికి పోయి, బీరువాలోని లోను ఫైలు తీశాను. నేను చెప్పింది నిజమేనని కళ్లారా చూసుకోవాలనిపించింది. ఒక్కొక్క అక్షరం కూడబలుక్కుంటూ చివరి కాగితానికి వచ్చేసరికి గంట దాటింది. కింది వరుస ఇది: "కిస్తీ మార్చకుండా కాలపరిమితి పొడిగించాలి."

కాలపరిమితి. ఆ మాట నాకు కొత్త. విడగొట్టాను. కాలం. పరిమితి. పొడిగించాలి. మళ్లీ చదివాను. మూడోసారి పైకి చదివాను. ఇంట్లో ఎవరూ లేరు.

కిస్తీ పెరగలేదు. ఏళ్లు పెరిగాయి. ఫైలు అడుగున లోను ఆఫీసు వాళ్లు పంపిన ఉత్తరం కూడా ఉంది, విప్పకుండా. ఎవరు విప్పుతారు, చదివే అక్క ఉండగా? రెండు వందల నలభై నెలలు కాస్తా మూడు వందల ముప్పై ఆరు నెలలయ్యాయని అందులో ఉంది. ఇరవై కాదు, ఇరవై ఎనిమిదేళ్లు.

అప్పుడు నేలమీద కూర్చుని లెక్క వేశాను. బారాణ వడ్డీ మీద ఆరు లక్షలకు నెలకు నాలుగు వేల అయిదు వందలు. చెల్లె కట్టే అయిదు వేల నాలుగు వందల్లో అసలుకు పోయేది తొమ్మిది వందలే. రెండేళ్లలో లక్షా ముప్పై వేల దాకా కడితే అసలు తగ్గింది ఇరవై నాలుగు వేల లోపు. తర్వాత వడ్డీ పద్నాలుగు అణాలైంది, అంటే ఏడాదికి పదిన్నర. వడ్డీకే అయిదు వేల నలభై పైన పోయింది. అసలుకు మిగిలింది నెలకు మూడు వందల యాభై. అయిదు లక్షల డెబ్బై ఆరు వేల అప్పు మీద మూడు వందల యాభై! పై డబ్బాలో, అంటే కాలం మార్చకుండా కిస్తీ పెంచమని, గీత గీసి ఉంటే నెలకు ఇంకో అయిదు వందల యాభై కట్టాల్సి వచ్చేది, ఇరవై ఏళ్లకే తీరిపోయేది. ఆ అయిదు వందల యాభై తప్పించుకున్నందుకు ఎనిమిదేళ్ల పాటు నెలకు అయిదు వేల నాలుగు వందలు. అయిదు లక్షల పైన.

ఈ లెక్కకు అక్షరాలెందుకు? అంకెలు చాలు. సంతకాల రోజే వేయగలిగేదాన్ని. శంషాబాద్‌లో నా అంత వేగంగా వేసేవాళ్లు లేరని చెప్పానే, ఆ నేను, సొంత చెల్లె అప్పుకు వేయలేదు. బారాణ అన్న మాట విని, తేలికని నవ్వి ఊరుకున్నాను.

సరే. అప్పటిదాకా తెలియక చేసినది అనుకుందాం. ఫైలు మళ్లీ బీరువాలో పెట్టి, మిరపకాయలు తిరగేసి, ఇంటికి వచ్చాను. చెప్పలేదు. ఆ తర్వాత నాలుగేళ్లు చెప్పలేదు. అది తెలిసి చేసినది. చెబితే లోను ఆఫీసుకు పోయి అప్పుడే సరిచేసుకునేవాళ్లు. పాత లోన్లకు వడ్డీ తగ్గించమని అర్జీ పెట్టుకోవచ్చని ఆ ఉత్తరం వెనకే ఉంది. అర్జీ పెడితే నా పేరు పోతుంది. నా పేరు కోసం నాలుగేళ్లు దాని రెక్కల కష్టం వడ్డీకి పోనిచ్చాను. ఎందుకంత పిరికిదాన్నయ్యానో నాకే అర్థం కాలేదు. గర్వం గల మనిషికి పిరికితనం ఉండదనుకునేదాన్ని.

ఈ ఎండాకాలం చెల్లె మా ఇంట్లో బెండకాయలు తరుగుతూ మోకాళ్లు నొక్కుకుంది. "ఇంకొక అయిదేండ్లు అక్కా. అరవై నిండుతయి, లోను తీరుతది. ఇగ ఆ చీపురు ముట్టను."

ఇంకా పదమూడేళ్లున్నాయి. అప్పటికి తొమ్మిది లక్షల డెబ్బై రెండు వేలు కట్టింది. ఇంకా నాలుగు లక్షల యాభై వేల పైనే ఉంది.

చెప్పేశాను. కాగితం నాకు చదవడం రాలేదని, ఊహించి చెప్పానని, లోను ఇంకా పదమూడేళ్లుందని, నాలుగేళ్ల కిందటే తెలుసునని. వరుసగా, ఆగకుండా చెప్పాను.

అది కత్తి పక్కన పెట్టింది. "మరి పాటలు?"

"నోటికొచ్చినవే."

"పాటలు గూడనా!" అంది. నవ్వబోయి ఆగిపోయింది. వేళ్ల మీద లెక్కపెట్టుకుని, "లోను తీరేసరికి నాకు అరవై ఎనిమిది నిండుతయక్కా" అంది. తరిగిన బెండకాయలు గిన్నెలో ఎత్తి పొయ్యి పక్కన పెట్టి, చెప్పులు వేసుకుని వెళ్లిపోయింది. క్షమించానని అనలేదు. నేను అడగలేదు. అడిగే మొహం నాకు లేదు.

ఆ తర్వాతి మంగళవారం ఇద్దరం ఆ లోను ఆఫీసుకు పోయాం. వడ్డీ తగ్గించమని అర్జీ నేనే రాశాను, నా చేత్తో, పేజీ నిండా. అధికారి చదివి, రెండు ఒత్తులు సరిచేసి, "ఎవరు రాసిన్రు?" అని అడిగాడు. "మా అక్క" అంది చెల్లె, నా వైపు చూడకుండా. గోడకు పెట్టిన కుర్చీల్లో మా ఇద్దరి మధ్య ఒకటి ఖాళీగా వదిలి కూర్చుంది. వడ్డీ తగ్గింది. నేను కిరాయికిచ్చిన గది మీద వచ్చే మూడు వేలు నెలనెలా దాని కిస్తీలో కలుపుతున్నాను. ఇట్లా కడితే ఇంకో ఆరేళ్లు. చెల్లె వద్దనలేదు, సరే అనలేదు. డబ్బు తీసుకుని పర్సులో పెట్టుకుంటుంది. ఆ రెండు ఒత్తులు తప్ప అర్జీలో ఒక్క తప్పు లేదని మాత్రం మీకు చెప్పుకుంటాను.

చర్చిలో పాస్టరమ్మకు తప్ప ఇంకా ఎవరికీ తెలియదు. ఇది చదివాక తెలుస్తుంది. తెలియనీ. ఇది రాయడానికి నాలుగు మధ్యాహ్నాలు పట్టింది. చివరి వాక్యం దగ్గరికి వస్తుంటే ఊపిరి కాస్త తేలిగ్గా ఆడుతోంది. అంతకంటే ఏమీ ఆశించడం లేదు.

ఆ శుక్రవారం ఆ బల్ల చుట్టూ ఉన్నవాళ్లు: బొటనవేలు వేసిన నా చెల్లె సువార్త. దాని మొగుడు ప్రకాశం. చదివి చెప్తానన్న నాగమణి. వద్దన్న నేను. నలుగురిలో చదవడం వచ్చినది నాగమణి ఒక్కతే.