యలమంద గొంతు

మార్టూరు దగ్గర మిరపకోతలకెళ్ళే కూలీల ఇంట పుట్టిన ఇమ్మానియేలుకి సినిమా పిచ్చి ఎలా పట్టిందో వాళ్ళమ్మకే అంతుపట్టలేదు. డిగ్రీ అవగానే హైదరాబాదు బస్సెక్కాడు. తొమ్మిదేళ్ళు అసిస్టెంటు డైరెక్టరుగా తిరిగాడు. అతను రాసిచ్చిన సీన్లు తెరమీదికి వచ్చేవి, పేరు మాత్రం వచ్చేది కాదు. విసిగిపోయి ఊరికి తిరిగొచ్చి, సొంతంగా తీస్తానన్నాడు.

కథ గ్రానైటు పాలిష్ పట్టే కూలీది. ఆ వేషానికి పక్కింటి యలమందనే పెట్టాడు. ఇరవై ఏళ్ళు అదే పని చేసిన మనిషి. రాతిదుమ్ము ఊపిరితిత్తుల్లో పేరుకుపోయి మూడు మాటలకోసారి దగ్గేవాడు.

"ఒరేయ్, దగ్గొచ్చి డైలాగు చెడిపోతందిరా. ఇంకెవరినన్నా చూసుకో."

"ఆ దగ్గు కోసమేగా బాబాయ్ నిన్ను పెట్టుకుంది! ఆపుకోమాక."

ఆదివారాలు మాత్రమే తీస్తూ ఏడాదిన్నరకి పూర్తిచేశాడు. ఎడిటింగు జరుగుతుండగా యలమంద పోయాడు.

రెండేళ్ళు ఎవరూ ఆ సినిమా ముట్టుకోలేదు. చివరికి ఒక కంపెనీ విడుదల చేస్తామంది. ఇమ్మానియేలు కాగితాలమీద సంతకం పెట్టి, సినిమా, సౌండు ఉన్న డిస్కులన్నీ ఇచ్చేశాడు. నెల తర్వాత ఫోనొచ్చింది, యలమందకి వేరేవాళ్ళచేత డబ్బింగు చెప్పించామని. కంపెనీ ఆఫీసుకి పరుగెత్తుకెళ్ళాడు.

మేనేజరు మర్యాదగా టీ ఇప్పించాడు. "అంత దగ్గు జనం భరించలేరండీ. మార్పులు మా ఇష్టమని మీరే సంతకం పెట్టారు కదా."

"పోనీ, పాత సౌండన్నా ఇవ్వండి సార్."

"అవి ఉంచమండీ. చెరిపేశాం."

అద్దంకిలో లాయరు ఆ కాగితాలు రెండుసార్లు చదివి, సంతకం దగ్గర వేలుపెట్టి చూపించి తిరిగిచ్చేశాడు.

యలమంద భార్య వెంకటరావమ్మకి ఈ సంగతి చెబుదామని మూడుసార్లు వెళ్ళాడు. మూడుసార్లూ మిరప తెగుళ్ళ గురించి మాట్లాడి వచ్చేశాడు.

సినిమా విడుదలైన రోజు అద్దంకిలో మార్నింగ్ షోకి ఆమె ఉతికిన చీర కట్టుకుని వచ్చింది. "మూడేళ్ళయిందిరా మీ బాబాయి మాట విని" అంటూ అతని పక్కన కూర్చుంది.

తెరమీద యలమంద నోరు తెరిచాడు. రేడియోలో వార్తలు చదివినట్టు నున్నటి గొంతొకటి పలికింది. అతని రొమ్ము ఎగిరెగిరి పడుతోంది, తువ్వాలు నోటికి అడ్డం పెట్టుకుంటున్నాడు, దగ్గు మాత్రం వినపడటం లేదు.

"ఎవుర్రా మాట్టాడేది?"

"ఎవరో పిన్నీ. డబ్బింగు."

"ఆయన గొంతేదిరా మరి?"

"లేదు పిన్నీ. తీసేశారు."

"నువ్వు తీసిన సినిమాయేగా. నువ్వు చెప్పినా పెట్టరా?"

సంతకం, హక్కులు, చెరిపేసిన డిస్కులు... ఎక్కణ్ణుంచి మొదలుపెట్టాలో ఇమ్మానియేలుకి తెలియలేదు. "పెట్టరు" అన్నాడు.

ఆమె లేచి వెళ్ళిపోతుందనుకున్నాడు. వెళ్ళలేదు. రెండు చెవులూ అరచేతులతో గట్టిగా మూసుకుని, మొగుడి మొహం చూస్తూ సినిమా అయిపోయేదాకా అలాగే కూర్చుంది.

ఆ సినిమా నాలుగు రోజులాడింది. ఇమ్మానియేలు ఇప్పుడు అద్దంకిలో పెళ్ళి వీడియోలు ఎడిట్ చేస్తున్నాడు. కొత్త కథేమైనా ఉందా అని ఎవరైనా అడిగితే ఉందంటాడు. ఏమిటో మాత్రం చెప్పడు.