నార్వే ఆయన పాట, మా ఆడవాళ్ళ సాగదీత

మొన్న ఒక మధ్యాహ్నం మా అమ్మాయి కూతురు, విజయవాడలో డిగ్రీ చదువుతూ కాలేజీ గాయక బృందంలో పాడే పిల్ల, తన ఫోనులో ఒక పాట పెట్టి కళ్ళు మూసుకుని వినమంది. మగవాళ్ళు నెమ్మదిగా ఎత్తుకున్నారు. వాళ్ళ వెనక ఆడవాళ్ళు అదే వరస కాస్త ఆలస్యంగా అందుకుని, మగవాళ్ళు ముగించేశాక కూడా చివరి మాటని సాగదీస్తూ ఉండిపోయారు, ఆ తర్వాత చాలాసేపు ఏమీ వినపడలేదు. ఫోను ఆగిపోయిందనుకున్నాను. ఆగలేదట, ఆ నిశ్శబ్దం కూడా పాటేనట.

ఆ పాట కట్టినాయనది నార్వే. కుర్రతనంలో పెద్ద పెద్ద వాద్యబృందాలకి రాసి పేరు తెచ్చుకుని, నడివయసులో అవన్నీ వదిలేసి ఒట్టి గొంతులకే రాయడం మొదలుపెట్టాడట. ఆయన పుట్టిన రేవు ఊళ్ళో చేపలు పట్టేవాళ్ళు చర్చిలో ఎవరి ఊపిరికి తగ్గట్టు వాళ్ళు పాడుకునేవాళ్ళట, ఆర్గన్ వాయించే మాస్టారు వాళ్ళని తిట్టి అందరినీ ఒక్క తాళంలోకి తెచ్చాడట, అలా పోయిన పాటనే ఈయన ఇన్నేళ్ళుగా వెతుక్కుంటున్నాడట. దాన్ని దేశదేశాల్లో జనం టిక్కెట్టు కొనుక్కుని వింటున్నారని పిల్ల చెబుతుంటే నాకేమీ అర్థం కాలేదు. సరిగ్గా ఆ పనికే కదా నన్ను మా చర్చి గుళ్ళో నలుగురిలో నిలబెట్టి అవమానించారు.

నా పుట్టింటివాళ్ళది కూలిపని, నా పెళ్ళయ్యేదాకా నేనూ మా అమ్మ పక్కన నాట్లు వేసినదాన్నే. మా తరంవాళ్ళకి గుర్తుండే ఉంటుంది, ఈ గట్టు దగ్గరున్నామె పాట ఎత్తుకుంటే, ఆ మాట తమ దాకా వచ్చాకే ఆ చివరివాళ్ళు అందుకునేవాళ్ళు, వంచిన నడుముతో ఊపిరి ఉన్నంతసేపూ చివరి మాటని లాగేవాళ్ళు. ఆ లాగుడు అయ్యేదాకా ముందున్నామె రెండో చరణం ఎత్తుకోకూడదు, అది చేలో మర్యాద. దివిసీమలో మా అత్తవారి ఊరి గుళ్ళో కూడా ఆడవాళ్ళ వైపు కూర్చునేవాళ్ళందరూ ఆ చేల నుంచి వచ్చినవాళ్ళే కాబట్టి, నన్ను ముందుండి పాడించమన్నప్పుడు నేను అలాగే పాడించాను.

హార్మోనియం మా బావగారిది, అంటే మావారి అన్నగారిది. ఆయన బడిలో మాస్టారు, అందువల్ల పాట కూడా గంట కొట్టినట్టు ఒక్కసారే అయిపోవాలి. మేమింకా లాగుతుండగానే ఆయన తర్వాతి చరణానికి వెళ్ళిపోయేవారు. ఒక క్రిస్మస్ ఆరాధనలో, మా పుట్టింటివాళ్ళు కూడా వచ్చి కూర్చున్న రోజు, పాట మధ్యలో పెట్టె ఆపేసి నా వైపు తిరిగారు.

“అమ్మాయ్, ఈ సాగదీత చేలో పెట్టుకోండి. ఇది దేవుడి గుడి.”

మగవాళ్ళ వైపు ఎవరో నవ్వారు. మా అమ్మ తల వంచుకుంది. ఆ పూట నుంచి ఇవాళ్టి దాకా నేను గుళ్ళో పెదవులు కదుపుతానే గాని పాడను. మావారు పోయేముందు కూడా ఇక వదిలెయ్యమన్నారు, నేను వదల్లేదు.

బావగారు ఇప్పుడు మా విజయవాడలోనే, గుణదలలో కొడుకు దగ్గర ఉంటున్నారు, చెవికి మిషను పెట్టుకుంటారు, మంచం దిగడం తగ్గిపోయింది. ఆయన ఉండగానే, ఆ నోటి వెంటే, తప్పు నాదేనమ్మాయ్ అన్న మాట వినాలని నాకు గట్టిగా అనిపించింది. మర్నాడే పిల్లని వెంటబెట్టుకుని ఆటోలో బయల్దేరాను. కాఫీలయ్యాక, ఎవరిదో చెప్పకుండా ఆ నార్వే ఆయన పాట పెట్టించాను. ఆయన కళ్ళు మూసుకున్నారు, దుప్పటి మీద వేళ్ళు మాత్రం హార్మోనియం మెట్లు నొక్కుతున్నట్టు కదిలాయి. ఆడవాళ్ళు చివరి మాట లాగుతుండగా నాకు ఓపిక చాల్లేదు. పిల్ల చేత పాట ఆపించి, ఎలా ఉంది బావగారూ, ఇది తప్పా ఒప్పా అని అడిగాను. ఆయన కళ్ళు తెరిచి నన్ను ఎగాదిగా చూశారు.

“ఆపేశావేంటమ్మాయ్? ఆడవాళ్ళ వైపు ఇంకా అవలేదుగా.”

అంతే, మళ్ళీ కళ్ళు మూసుకున్నారు. మిగతా పాట పెట్టించక తప్పలేదు.

అది క్షమాపణే అమ్మమ్మా అంటుంది మనవరాలు, వచ్చేటప్పుడు దారంతా అదే మాట. ఆ రోజు సంగతి ఆయనకి గుర్తుండి అన్నారో, నన్ను ఎత్తిపొడిచారో, అసలు ఏమీ గుర్తులేక అన్నారో నాకు ఎంత ఆలోచించినా తేలడం లేదు. గుర్తులేకపోతే అది క్షమాపణ ఎలా అవుతుంది? గుర్తుంటే ఆ రోజే ఆ మాట అనొచ్చు కదా, మా అమ్మ వింటుండగా.

మావారి ఊళ్ళో ఇప్పుడు నాట్లు మిషనుతో వేస్తున్నారు, ఆ చప్పుడులో పాటెవరు ఎత్తుకుంటారు. ఇక్కడ మా గుళ్ళో కీబోర్డులో తాళం ముందే పెట్టేస్తున్నారు, ఆడా మగా అందరూ ఒక్కసారే మొదలుపెట్టి ఒక్కసారే కూర్చుంటున్నారు, బావగారు కోరుకున్నది ఇదే. పోయిన ఆదివారం వెనక బెంచీలో నిలబడి, పాడదామా అనుకుని నోరు తెరిచాను కూడా. కానీ వెనకబడి పాడాలంటే, నేను ముగించేదాకా ఆగేవాళ్ళు ముందెవరైనా ఉండాలి కదా.