వెదురు మోపులో వచ్చిన పాము

వేసవి సెలవులకు తోటివాళ్ళంతా చల్లటి చోట్లకు పోతే నేను నెల్లూరు తీరానికి పోయాను. శ్రీహరికోటలో రాకెట్ల మాట ఇంకా ఎవరూ ఎత్తని రోజులవి. మద్రాసులో ఆడపిల్లల కాలేజీలో జంతుశాస్త్రం చెప్పేదాన్ని. నా పాత విద్యార్థిని సరోజ గూడూరు దగ్గర కోట అనే ఊళ్ళో పంతులమ్మగా చేరింది. సముద్రపు ఒడ్డున జాలరిపల్లెకు కొండల నుంచి వెదురు వచ్చిందనీ, అందులో లావుపాటి పచ్చపాము కనిపించిందనీ కబురు చేసింది.

పచ్చపాములన్నీ ఒకటి కావు. తాడులా సన్నగా ఉండే పసిరికపాము వేరు. లావుగా, ముక్కోణపు తలతో ఉంటే అది పింజర కావచ్చు. పింజరల్లో రెండు శాఖలున్నాయి. మన పొలాల్లో తిరిగే రక్తపింజర, ఇసుకనేలల్లోని చిన్నపింజర ఒక శాఖ. రెండో శాఖ పాములకు కంటికీ ముక్కుకూ నడుమ చిన్న గుంట ఉంటుంది. చీకట్లో ఎలుక ఒంటి వేడిని ఆ గుంటతోనే పసిగడతాయి. వాటిలో పడమటి కనుమల ఆకుల కింద దాగే గోధుమరంగుదాన్ని చూశాను. ఒకే అడవిలో రకరకాల రంగుల్లో కనిపించే మలబారుదాన్నీ చూశాను. వెదుళ్ళలో బతికే పచ్చదాన్ని మాత్రం సీసాలో, రంగు వెలిసిపోయాక చూడడమే.

పొద్దున్నే సెంట్రల్లో పాసెంజరెక్కాను. దొరవారిసత్రంలో ఎక్కిన పెద్దాయన నా ప్రయాణం సంగతి విని, “మా ఇంటి చుట్టూ తిరిగేదాన్ని చూసేదానికి టిక్కెట్టు కొన్నావా తల్లీ?” అని నవ్వాడు. మధ్యాహ్నానికి గూడూరులో దిగి, స్టేషను ఎదుట ఇడ్లీ తిని, కోట బస్సు పట్టుకున్నాను. ఆ దారిన పోయేవారు మంచినీళ్ళు గూడూరులోనే నింపుకోవడం మేలు. కోటలో సరోజ ఎద్దుబండితో సిద్ధంగా ఉంది. ఇసుకలో చక్రాలు దిగబడుతుంటే సగం దారి నడిచే పోయాము.

పల్లె ఇంకా కనబడకముందే ఏడుపు వినిపించింది.

వెదురు మోపు కట్టు విప్పుతున్న పోలమ్మ అనే ఆమెను వేలిమీద పాము కరిచిందట. గుడిసె నీడన కూచోబెట్టారు. మోచేతి కింద వలతాడుతో బిగించి కట్టారు. చెయ్యి ఉబ్బి నల్లబడుతోంది. ఒక ముసలాయన కొడవలి పట్టుకుని నిలబడ్డాడు.

“రక్తపింజరే. వేలు తీసేస్తే బతుకుద్ది,” అన్నాడాయన.

“పచ్చంగా ఉండాది మామా. పసిరికపామే అయ్యుంటాది,” అన్నాడు పోలమ్మ మొగుడు వెంకయ్య. ఆ మాట నమ్మాలని అతనికి ఎంత ఆశగా ఉందో గొంతులోనే తెలిసింది.

“పాము ఎక్కడ?” అని అడిగాను.

తెడ్డుతో కొట్టి చంపి ఇసుకలో పారేశారు. తల ఒక పక్క పూర్తిగా చితికిపోయింది. రెండో పక్క రక్తం, ఇసుక కలిసి గట్టిపడ్డాయి. చెంబుతో నీళ్ళు పోసి కడిగాను. తలమీద పెద్ద పొలుసులు లేవు, అన్నీ సన్నవే. అంటే పసిరిక కాదు. గడ్డిపరకతో మెల్లగా ఇసుక తీశాను. ముక్కు దొరికింది, కన్ను దొరికింది. నడుమ ఏమీ లేదనిపించింది. ఇంకొన్ని నీళ్ళు పోశాను. అప్పుడు పరక మొన చిన్న గుంటలోకి దిగింది.

“రక్తపింజర కాదు. ఇది వెదుళ్ళలో ఉండేది. దీని విషం కరిచిన చోటే ఎక్కువ కుళ్ళబెడుతుంది. ఆ కట్టు అలాగే ఉంటే చెయ్యి పోతుంది. విప్పండి. వేలు కోయొద్దు.”

“విప్పితే గుండెకెక్కదా?” ముసలాయన కొడవలి దించలేదు.

వెంకయ్య నా ఎదుటికి వచ్చాడు. “నువ్వు డాక్టరువామ్మా?”

“కాదు.”

“మరి బతుకుద్దని చెప్పగలవా?”

చెప్పలేనన్నాను. ఇది కరిచి చనిపోయేవాళ్ళు అరుదని చదివాను, అంతే. పోలమ్మే తల ఎత్తి, “ఇప్పండి. నొప్పి తాళలేకుండా ఉండా,” అంది. వెంకయ్య తాడు ముడి విప్పాడు.

చేతిని కదలకుండా చీరగుడ్డతో చెక్కకు కట్టి, బండిలో పడుకోబెట్టి కోటకు తెచ్చాము. అక్కడ బస్సు డ్రైవరు ఎక్కడా ఆపకుండా గూడూరు ఆసుపత్రికి చేర్చాడు. బస్సులో పోలమ్మ వాంతి చేసుకున్న ప్రతిసారీ వెంకయ్య నా వైపే చూశాడు. నేను కిటికీ వైపు తిరగలేదు, అతని చూపు తప్పించుకోలేదు. అంతకన్నా చేయగలిగింది లేదు.

మేము వెంట తెచ్చిన చచ్చిన పామును డాక్టరుగారు తిప్పి చూశారు. “నా దగ్గరున్న మందు నాగుపాముకు, కట్లపాముకు, రక్తపింజరకు, చిన్నపింజరకూ. దీనికి కాదు. ఆ మందుతోనూ ఒక్కోసారి ప్రాణం మీదికొస్తుంది,” అన్నారు. పోలమ్మ రక్తం గాజుగొట్టంలోకి తీసి నిలబెట్టారు. విషం రక్తాన్ని పాడుచేస్తే అది గడ్డకట్టదట. కాసేపయ్యాక వంచితే జారలేదు, గడ్డకట్టింది. మందు ఇవ్వకుండా కనిపెట్టుకుని ఉందామన్నారు. తెల్లవారేలోపు మళ్ళీ చూశారు. అప్పుడూ గడ్డకట్టింది.

మర్నాడు పొద్దున పోలమ్మ గంజి తాగింది. చెయ్యి భుజందాకా వాచింది. వేలి కొస పోవచ్చుగానీ చెయ్యి పనికి వస్తుందన్నారు డాక్టరుగారు. నేను సెలవు తీసుకుంటుంటే ఆమె, “దాని తప్పేముందమ్మా? కొండలో ఉండేదాన్ని మోపులో కట్టి తెచ్చుకున్నాము గదా,” అంది.

మద్రాసు బండిలో చోటు సులువుగానే దొరికింది. కాలేజీలో ఈ పాముల పట్టిక బోర్డుమీద ఏటా గీస్తాను. నడుమ గీత, గుంట ఉన్నవి ఒక వైపు, లేనివి ఒక వైపు. పిల్లలు రాసుకుంటారు, పరీక్షయ్యాక మరిచిపోతారు. నేనూ అంతకుమించి ఆలోచించలేదు. పాము ఆ గీతకు ఎటువైపుదన్న దానిమీద ఒక మనిషి చెయ్యి ఆధారపడి ఉంటుందని పోలమ్మ దగ్గర కూచున్నాకే తెలిసింది. వెదురు మీద చుట్టుకున్న ఆ పచ్చదాన్ని ప్రాణంతో చూడాలని పోయాను, చూడలేదు. అయినా ప్రయాణం దండగయిందని నాకు అనిపించలేదు.